నాలుక మీది మచ్చ

మా ఇంట్లో ఏ నష్టమూ దానంతట అది జరిగేది కాదు. పాలు పొంగిపోతే, సరిగ్గా ఆ సమయానికి గుమ్మంలో నిలబడి అమ్మను మాటల్లో పెట్టినవాళ్ళు పొంగించినట్టు. గోడ గడియారం ఆగిపోతే, దాన్ని చివరిసారి తుడిచినవాళ్ళు ఆపినట్టు. బాపు కాలికి గడప తగిలితే ఆ గడప నిలబెట్టిన మేస్త్రీని తిట్టేవాడు. ఆ మేస్త్రీ నేను పుట్టకముందే చనిపోయాడట. అయినా సరే, బాపు వదిలేవాడు కాదు. ప్రతిదానికీ ఒక మనిషి కావాలి. మనిషి దొరికాడంటే ఇల్లంతా తేలికపడేది. అప్పుడు అందరూ అన్నానికి కూర్చునేవాళ్ళు.

నా చిన్నతనమంతా ఆ మనిషిని నేనే. నా నాలుక మీద మచ్చ ఉండేది.

నాలుక మీద మచ్చ ఉన్నవాళ్ళు ఏమంటే అది జరుగుతుందని మనవాళ్ళలో తెలియనివాళ్ళుండరు. నమ్మనివాళ్ళు కూడా, మచ్చను కళ్ళారా చూశాక, ఎందుకైనా మంచిదని కొంచెం పక్కకు జరుగుతారు.

నాకు గుర్తున్న మొదటి మధ్యాహ్నం అదే. హనుమకొండలో మా ఇంటి ముందుగది. కిటికీ ఊచల నీడలు కింద బండల మీద చారలుగా పడ్డాయి. ఆ చారల మధ్య చల్లగా బోర్లా పడుకుని, సగం నిద్రలో, తెరిచిన తలుపులోంచి ఎదురింటాయన కొత్త స్కూటర్‌ని చూస్తున్నాను. ఎండలో అది ఊపిరి తీస్తున్నట్టు, కొద్దికొద్దిగా కదులుతున్నట్టు అనిపించింది. "పడతది" అన్నాను. ఎవరితోనూ అనలేదు. నిద్రలోకి జారేముందు నోట్లోంచి దొర్లిన మాట అది. స్కూటర్ పడింది.

బాపమ్మ, అంటే మా బాపును కన్నతల్లి, నా పక్కనే కూర్చుని వక్కలు కత్తిరిస్తోంది. అడకత్తెర చేతిలోనే ఆగిపోయింది. నా గడ్డం పట్టుకుని ముఖాన్ని కిటికీ వెలుతురు వైపు తిప్పింది.

"నాలిక బయట పెట్టు."

పెట్టాను.

"ఓ యమ్మో! ఇగ వచ్చి చూడున్రి! పిల్ల నాలిక మీద మచ్చున్నది!"

అమ్మ పిండి చేతులతో వచ్చి చూసింది. ఎదురింటాయన స్కూటర్‌ని లేపి నిలబెట్టి, అద్దం పగిలిందన్న బాధతోనే లోపలికి వచ్చి, తనూ వంగి చూశాడు. ఎడమ అంచు దగ్గర ఆవగింజంత నల్లమచ్చ. స్కూటర్‌ని ఆయనే పల్లంలో ఒంటి స్టాండు మీద ఒరిగించి పోయాడన్న సంగతి ఇక ఎవరూ ఎత్తలేదు. ఆయనైతే అసలే ఎత్తలేదు. "పోనీయుండ్రి, చిన్నపిల్ల, తెల్వక అన్నది" అని నన్ను క్షమించి వెళ్ళాడు. నన్ను క్షమించడం అప్పటి నుంచి మా వాడలో అలవాటైంది.

సాయంత్రం బాపుకు వార్త వాకిట్లోనే ఎదురైంది. బాపుది ఎనుమాముల మార్కెట్లో అడ్తి దుకాణం. రైతులు తెచ్చిన మిర్చిని అమ్మిపెట్టడం, కొంత తనే కొని కోల్డ్ స్టోరేజీలో ఉంచి ధర వచ్చినప్పుడు అమ్ముకోవడం ఆయన పని. ఆయన కంటే ముందు ఘాటు ఇంట్లోకి వచ్చేది. చొక్కా విప్పి కొక్కేనికి తగిలిస్తే గదిలో ఉన్నవాళ్ళందరం తుమ్మేవాళ్ళం. ఇప్పటికీ ఎండుమిర్చి వాసన వస్తే, ఎక్కడున్నా సరే, బాపు ఇంటికొచ్చాడని ఒక్క క్షణం అనుకుంటాను.

బాపమ్మ చెప్పిందంతా ఆయన నిలబడే విన్నాడు. నా నాలుక చూశాడు. "అట్లనా" అన్నాడు, చాలా నెమ్మదిగా. పోయిన ఏడు సరుకులో కలిసిపోయిన తాలు కాయలు, అంతకుముందు ఏడు ఎలుకలు కొట్టిన బస్తాలు, ఎప్పుడో చెడిన బేరం, అన్నీ ఒకదాని వెనక ఒకటి ఆయన కళ్ళలోకి నడిచి వచ్చి నా ముందు నిలబడటం నేను చూశాను. నేనింకా బడికి కూడా వెళ్ళడం లేదు.

బడికి వెళ్ళడం మొదలయ్యాక సంగతి ఇంకా చెడింది. బడి అంటే పాఠాలు గట్టిగా చదవాలి. ఒకరోజు బాపు బయలుదేరే వేళకు నేను వాచకం తీసి వానాకాలం పాఠం చదువుతున్నాను. ఆకాశం నిండా మబ్బులు కమ్మాయి, చినుకులు పడ్డాయి, రైతులు సంతోషించారు అని ఉంటుంది అందులో. అవి ఎండలు ముదిరే రోజులు. మధ్యాహ్నానికి ఎక్కడి నుంచో మబ్బు వచ్చి, మార్కెట్ యార్డులో ఆరుబయట పోసిన మిర్చి కుప్పల మీద దంచి కొట్టింది. బాపు తడిసి ముద్దై వచ్చాడు.

"పొద్దుగాల ఏం సదివినవే?"

"పాఠం, బాపు."

"ఏం పాఠం?"

"వాన పాఠం."

బాపు అమ్మ వైపు తిరిగాడు. "ఇన్నవా? మొగులు కమ్మిందట! రైతులు సంబురపడ్డరట! టార్పాలిన్ కప్పే టైం గూడ ఇయ్యలే ఈ పిల్ల."

"బళ్ళె సార్ చెప్పిన పాఠమే గదా, అదేం జేస్తది?" అంది అమ్మ.

"సార్‌కేం ఎరుక దీని నాలిక సంగతి?"

టార్పాలిన్లు ఆ రోజంతా దుకాణంలో భద్రంగా ఉన్నాయని, దుకాణం తాళంచెవి బాపు జేబులో ఇంకా భద్రంగా ఉందని రాత్రి అన్నాల దగ్గర తెలిసింది. దానికీ బాపు దగ్గర జవాబుంది. బయటికి వెళ్ళేటప్పుడు చెవిలో వాన పాఠం పడటంతో తికమకైపోయి, గుమస్తాకు తాళంచెవి ఇవ్వడం మరిచిపోయాడట.

తర్వాత నాకు ఎండాకాలం పాఠం మాత్రమే గట్టిగా చదవడానికి అనుమతి వచ్చింది. శ్రద్ధగా చదివాను. ఎండలు మండాయి, కరెంటు పోయింది, ఫ్యాన్లు ఆగాయి, అమ్మ తోడుపెట్టిన పెరుగు పులిసిపోయింది. ఈసారి అమ్మ కూడా నా వైపే చూసింది. ఇద్దరూ కలిసి తీర్పు చెప్పారు. "మనసుల సదువుకో బిడ్డా."

అలా నేను మనసులో చదవడం నేర్చుకున్నాను. కొన్నాళ్ళకు మనసులోనే మాట్లాడటం కూడా వచ్చేసింది.

మంచి రోజుల్లో మాత్రం నా నాలుక ఎవరికీ గుర్తుండేది కాదు. యార్డులో పొద్దున్నే జెండా కింద వేలం మొదలవుతుంది. అక్కడ ఆ రోజుకు పలికిన పై ధరను జెండా పాట అంటారు. పాట బాగా పలికిన రోజు బాపు జిలేబీ పొట్లంతో వచ్చి, "ఎట్లున్నది నా అందాజ?" అని మీసం దువ్వేవాడు. బాపుకు మంచి ధర రావాలని ముందురోజు నేను గోడ వైపు తిరిగి గుసగుసగా అన్న మాటలు ఎవరి ఖాతాలోనూ పడేవి కావు. జిలేబీ మాత్రం నాకూ పెట్టేవాళ్ళు.

పక్కింటి ఖాలా ఒకసారి ఆ మాట అడిగేసింది. ఖాలా బట్టలు కుట్టేది. వాళ్ళింటికీ మా ఇంటికీ మధ్య ఒక పిట్టగోడ, అంతే. "ఏం భాయ్, నష్టానికే పన్జేస్తదా పిల్ల నాలిక? జర మంచికి పన్జేయదా?"

బాపు నిజంగానే ఆలోచించాడు. ఆయన అబద్ధాలాడే మనిషి కాదు, తను చెప్పేది పూర్తిగా నమ్మే చెప్పేవాడు. తలుచుకుంటే నాకు అందుకే ఎక్కువ నవ్వొస్తుంది. "మచ్చ నల్లగున్నది గద ఆపా" అన్నాడు. "తెల్లగుంటే మంచికి పన్జేసేది."

ఖాలా సంగతే వేరు. దారం తెగితే "నా తప్పే, పాత దారం ఎక్కించిన" అనేది. జాకెట్ బిగుతైందని ఎవరైనా తిరిగి తెస్తే "నా తప్పే, కొలత సరిగ తియ్యలే, ఫికర్ చేయకు, విప్పి కుడత" అనేది. టైమెంతయిందో చెప్పినంత మామూలుగా అనేది. ఆ తర్వాత ఏమీ అయ్యేది కాదు. ఇల్లు కూలేది కాదు, మిషన్ మళ్ళీ నడిచేది. నేను పిట్టగోడకు గడ్డం ఆనించి వినేదాన్ని. నా తప్పే. మా ఇంట్లో ఎవరి నోటా రాని ఆ మాటను పిప్పరమెంటు బిళ్ళలా నోట్లో తిప్పుకుంటూ మధ్యాహ్నాలు గడిపేదాన్ని. బాపు ఒక్కసారి ఆ మాట అంటే వినాలని ఉండేది. దేవుడి ముందు కళ్ళు మూసుకున్నప్పుడు నేను అడిగింది కూడా అదే. పైకి మాత్రం ఎన్నడూ అనలేదు. అంటే నిజంగానే జరుగుతుందేమోనని భయం, జరిగితే అది ఎలా ఉంటుందో నాకు తెలియదు.

నోరు కట్టేసిన పిల్లకు చూడటానికి చాలా సమయం దొరుకుతుంది. ఎండాకాలం సాయంత్రాలు మేడ మీద వెల్లకిలా పడుకునేదాన్ని. కాజీపేట వైపు నుంచి రైలు కూత వచ్చేది, ఆ వెనకే ఇంకోటి, అవి ఒకదాన్నొకటి ఏదో అడుగుతున్నట్టు ఉండేవి. ఖాలా మిషన్ చప్పుడు ఆగి ఆగి వినిపించేది. రోజంతా అనకుండా మిగుల్చుకున్న మాటలు అప్పుడు ఒక్కొక్కటే పైకి తేలేవి. నేను వాటిని ఆకాశానికి చూపించి మళ్ళీ లోపల పెట్టుకునేదాన్ని. ఎవరైనా చూస్తే పిల్ల నిద్రపోయిందనుకుని దుప్పటి కప్పి వెళ్ళేవాళ్ళు.

ఒక్కసారి బాపు నన్ను యార్డుకు తీసుకెళ్ళాడు, నోరు విప్పనని ఒట్టు పెట్టించుకుని. అక్కడ ఘాటుకు అందరూ ముక్కుకూ నోటికీ రుమాలు కట్టుకుంటారు. నాకూ కట్టాడు. నాది మాత్రం కాస్త గట్టిగా ముడేశాడు. ఆ గేటు దాటాక చూసింది నా కళ్ళలోంచి ఇప్పటికీ పోలేదు. చూపు ఆనినంత దూరం ఎర్రటి కుప్పలు. వాటి మధ్య సగం ముఖాల మనుషులు మెల్లగా నడుస్తున్నారు. పైన ఎండ కూడా ఎరుపు తిరిగింది. మాటలు రుమాళ్ళ వెనక నుంచి మెత్తగా, దూరం నుంచి వచ్చినట్టు వస్తున్నాయి. నేను నిద్రలోకి నడిచి వచ్చానా అనిపించింది. ఇక్కడ అందరూ నాలాగే ఉన్నారు, అందరి నోళ్ళూ కట్టే ఉన్నాయి. చాలా సంతోషం వేసింది నాకు. ఆ సంతోషంలోనే తుమ్మాను.

మిర్చి మార్కెట్లో తుమ్మును అపశకునం అనుకుంటే ఒక్క బస్తా కూడా కదలదు. అక్కడ రైతు తుమ్ముతాడు, హమాలీ తుమ్ముతాడు, వేలం పాడేవాళ్ళు పాట మధ్యలో ఆగి తుమ్ముతారు. అయినా బాపు బేరం కుదరలేదు. కుదరకపోవడానికి కారణం నా తుమ్మని ఆయన నాతో ఏమీ అనలేదు. ఇంటికి వెళ్ళే దారంతా స్కూటర్ మీద వెనక్కి తిరిగి తిరిగి నా రుమాలు వైపు చూశాడు, అంతే.

ఆ తర్వాత చాలాకాలం నాకొక కల వచ్చేది. కలలో నేను రుమాలు విప్పి "లెవ్వుండ్రి" అంటాను. కుప్పలన్నీ లేస్తాయి. మిరపకాయలు ఎర్ర పిట్టలై మా మేడ మీదుగా ఎగిరిపోతాయి. కింద బాపు తల పైకెత్తి చూస్తూ నిలబడతాడు. ఆయన ముఖంలో కోపం ఉండదు. కలలో కూడా నేను ముందు ఆయన ముఖమే చూసేదాన్నని ఇప్పుడు తెలుస్తోంది.

నవ్వుతూ రాస్తున్నాను కానీ బాపు మీద నాకు కోపం ఉండేది. పెద్దయ్యేకొద్దీ పెరిగింది. ఇంత చదివి, డిగ్రీ తెచ్చుకుని, ఇంట్లో "రేపు బస్సులు నడుస్తయో లేదో" అనాలంటే భయపడే బతుకేమిటని ఏడ్చేదాన్ని. అమ్మ కొంగుతో నా కళ్ళు తుడిచి, "ఆయన మనసుల ఏం లేదు బిడ్డా, జర నోటికి ఆసరా గావాలె, గంతే" అనేది. ఆ మాట అప్పుడు నాకు అర్థం కాలేదు.

పెళ్ళిచూపులకు అమ్మ నాకు ప్రత్యేకంగా శిక్షణ ఇచ్చింది. నవ్వితే పెదాలు మూసి నవ్వాలి. లడ్డు పెడితే నాలుక కనబడకుండా తినాలి. లడ్డును అలా తినడం ఎంత కష్టమో తింటేగానీ తెలియదు. చిన్న చిన్న తునకలుగా, తల దించుకుని, పెదాల చివరలతో తిన్నాను. "ఎంత నెమ్మది పిల్ల" అని మగపెళ్ళివారు మురిసిపోయారు. సంబంధం కుదిరింది.

అత్తగారిది వర్ధన్నపేట. ఖమ్మం రోడ్డు మీద హార్డ్‌వేర్ షాపు. అక్కడ నా నోట్లోకి తొంగిచూసే తీరిక ఎవరికీ లేదు, ఎందుకంటే వాళ్ళకు వేరే దోషులున్నారు. మా అత్తయ్యకు ఇన్వర్టర్. రొట్టె మాడినా, మోకాలు నొప్పి పుట్టినా, ఆ పాడు ఇన్వర్టర్ పెట్టినప్పటి నుంచే. మా ఆయనకు నెట్‌వర్క్. ఉల్లిగడ్డలు తెమ్మంటే మరిచిపోయి ఖాళీ సంచితో వచ్చి "నెట్‌వర్క్ లేకుండె" అంటాడు. ఆ మాట విన్న రోజే నాకు ఇది మన ఇల్లే అనిపించింది.

అక్కడ నోరు విప్పాను. ముందు భయం భయంగా, తర్వాత ఆపకుండా. వాన రాదన్నాను, వచ్చింది. పక్కవాళ్ళ గేదె ఆడదూడను వేస్తుందన్నాను, మగదూడను వేసింది. షాపుకు గిరాకీ ఉండదన్న రోజు నిలబడటానికి చోటు లేదు. నేనేమన్నా ఏమీ జరగలేదు. హాయిగా ఉండేది. నిజం చెప్పాలంటే, కొంచెం మోసపోయినట్టు కూడా ఉండేది.

బాపు మాత్రం నన్ను వదల్లేదు. బేరం చెడిన సాయంత్రం ఫోన్ మోగేది.

"ఇయ్యాల ఏమన్నా అన్నవా?"

"ఏమనలే బాపు."

"మిర్చి గురించి?"

"మిర్చి గురించి ఏమనలే."

"జర యాది చేసుకో. కూరల కారం ఎక్కువైందని గిట్ల?"

కూరలో కారం గురించి రోజుకొక మాట అనని ఆడది ఎవరుంటుంది? "ఆ... అన్న."

"గదే మరి!" అవతల నుంచి పెద్ద నిట్టూర్పు. అప్పుడే ఆయన గొంతు మామూలయ్యేది. "తిన్నవా? పిల్లలు మంచిగున్నరా? అల్లుడు ఏం చేస్తాండు?" నేను పట్టుబడ్డాకగానీ ఆయన ప్రేమ బయటికి వచ్చేది కాదు. ఫోన్ పెట్టేసి నేను పళ్ళు కొరికేదాన్ని.

ఆ పళ్ళకే ఒకసారి హనుమకొండలో డెంటిస్టు దగ్గరికి వెళ్ళాల్సి వచ్చింది. కుర్చీలో వెనక్కి వాలి, ముఖం మీద లైటు పడుతుంటే, "నాలుక మీద మచ్చను మీరేం పట్టించుకోకండి డాక్టర్" అని ముందే చెప్పాను. ఆమె అద్దం పెట్టి చూసింది, దూదితో నాలుక పట్టుకుని అటూ ఇటూ తిప్పింది. "ఏ మచ్చ?" అంది. చేతికి అద్దం ఇచ్చింది. నాలుక గులాబీ రంగులో శుభ్రంగా ఉంది. చిన్నప్పుడు కొరుక్కుంటే రక్తం గడ్డకట్టి కొన్నాళ్ళు నల్లగా ఉండి ఉంటుందని, తర్వాత ఎప్పుడో పోయి ఉంటుందని చెప్పింది. ఎప్పుడో అంటే ఎప్పుడు? బాపమ్మ చూపించిన ఆ మధ్యాహ్నం తర్వాత ఇంట్లో మళ్ళీ ఎవరైనా చూశారా? నేనైనా చూసుకున్నానా? అద్దం ముందు నోరు తెరవాలంటే నాకే భయంగా ఉండేది.

బయటికి వచ్చి చౌరస్తాలో చాలాసేపు ఊరికే నిలబడ్డాను. ఆటోలు, హారన్లు, చెరుకురసం బండి గంటల చప్పుడు, అన్నీ నీళ్ళ కింద నుంచి వస్తున్నట్టున్నాయి. ఇంటికి పరుగెత్తి బాపు ముందు నాలుక చాపాలనిపించింది. కానీ వెళ్ళలేదు. ఎవరికీ చెప్పలేదు. ఎందుకో సరిగ్గా చెప్పలేను. ఎన్నాళ్ళుగానో ఉన్న వస్తువు ఇంట్లోంచి పోతే ఆ చోటు కొన్నాళ్ళు కంటికి బోసిగా ఉంటుంది కదా, నాకు నోట్లో అలా ఉంది.

మొన్నటి సీజన్‌లో బాపు తన జీవితంలోకెల్లా పెద్ద పొరపాటు చేశాడు. మిర్చికి మంచి ధర ఉన్నప్పుడు తోటి అడ్తివాళ్ళందరూ అమ్మేశారు. గుమస్తా అమ్మమన్నాడు. అమ్మ అమ్మమంది. నేను కూడా ఫోన్‌లో "అమ్మెయ్ బాపు" అన్నాను, స్పష్టంగా, రెండుసార్లు. బాపు ఒక్కడే, ధర ఇంకా పైకి పోతుందని సరుకంతా కోల్డ్ స్టోరేజీలో ఆపాడు. ధర దిగింది. దిగుతూనే ఉంది. కాయ రంగు కూడా మారింది. దుకాణం ఇంకొకరికి అప్పజెప్పాల్సి వచ్చింది.

ఆ సాయంత్రం ఫోన్ మోగుతుందని ఎదురుచూశాను. మోగలేదు. ఆ వారమంతా మోగలేదు. చివరికి అమ్మ చేసింది.

"మీ బాపు ఎవ్వల్ని ఏమంటలేడే."

"అంటే?"

"అంటే గంతే. ఎవ్వల్ని ఏమంటలేడు. మొన్న పప్పుల మరిచిపోయి ఉప్పు రెండుమాట్ల ఏసిన. సప్పుడు జేయక తిన్నడు. టీవీ రిమోట్ కనవడకపోతే తనే దేవులాడుకున్నడు, ఎవలు తీసిన్రని గూడ అడగలే. గడప తాకి కాలిగోరు లేసింది, మేస్త్రీని గూడ ఏమనలే. తిండి సగం విడిచిపెడుతాండు. నాకు భయమైతాంది బిడ్డా."

నాకూ భయమైంది. మర్నాడే బస్సెక్కాను.

నేను వెళ్ళేసరికి మధ్యాహ్నం. వాడంతా ఎండలో కునుకు తీస్తోంది. ఖాలా మిషన్ ఒక్కటే వినిపిస్తోంది, కళ్ళు సరిగ్గా ఆనకపోయినా ఆమె ఇంకా కుడుతూనే ఉంది. ముందుగదిలో కిటికీ ఊచల నీడలు బండల మీద అవే చారలుగా పడి ఉన్నాయి. వాటి మధ్య కుర్చీ వేసుకుని బాపు కూర్చున్నాడు. బాపమ్మ గోడ మీద ఫోటోలోంచి చూస్తోంది. బాపు చొక్కా కొక్కేనికి వేలాడుతోంది. దాని పక్కనే వెళ్ళి నిలబడ్డాను. తుమ్ము రాలేదు. ఆ చొక్కాలో మిర్చి వాసన లేదు.

"ఎప్పుడచ్చినవ్?" అన్నాడు.

"ఇప్పుడే బాపు."

ఆయన కాళ్ళ దగ్గర, ఆ చారల మధ్య కూర్చున్నాను. వంటింట్లో అమ్మ గిన్నెలు కూడా మెల్లగా పెడుతోంది. బాపు తన అరచేతులు చూసుకుంటున్నాడు. ఏళ్ళ తరబడి మిర్చి పట్టి పట్టి వాటికి ఒక ఎరుపు ఉండేది, అదీ వెలిసినట్టుంది.

"నాదే తప్పు బిడ్డా" అన్నాడు.

చిన్నప్పుడు దేవుణ్ణి అడిగి అడిగి, పైకి ఒక్కసారీ అనకుండా దాచుకున్న మాట. ఖాలా నోట ఎంతో మామూలుగా ఉండేది. బాపు నోట అది వినగలననుకున్నాను. వినలేకపోయాను. ఆయన ఆ మాట అన్న తీరు, ఇంక ఏదీ మిగలలేదన్న తీరు. గడప మేస్త్రీ నుంచి నా తుమ్ము దాకా, ఇన్నేళ్ళూ ఒక్కొక్కరి భుజం మీద చెయ్యి వేసుకుంటూ నడిచి వచ్చాడు ఆయన. ఇప్పుడు ఆనుకోవడానికి ఎవరూ లేరు. నోటికి ఆసరా అని అమ్మ అన్నది ఇదే.

"నీది గాదు బాపు" అన్నాను. "నాదే."

ఆయన తలెత్తాడు.

"అమ్మెయ్ అని నీతోని అన్న. గని ఫోన్ పెట్టేసినంక మా ఆయనతోని ఇంకో మాట అన్న. బాపు ఎట్లాగు అమ్మడు, ధర పడిపోతది సూడు అన్న. ఉట్టిగనే అన్న. నోట్లకెల్లి వచ్చేసింది."

నేను అలా అనలేదు. ఆ రోజు మా ఆయనతో నేను మాట్లాడింది ఉల్లిగడ్డల గురించి.

బాపు కళ్ళు చిన్నవయ్యాయి. చాలా దూరం నుంచి ఏదో దగ్గరికి వస్తున్నట్టు చూశాడు. కుర్చీలో కొంచెం ముందుకు జరిగాడు.

"నిజంగనే అన్నవా?"

"అన్న బాపు."

"ఏదీ, నాలిక బయట పెట్టు."

ఈ సంగతి నేను ఆలోచించుకోలేదు. ఆయన అప్పటికే పక్కన కిటికీలోంచి కళ్ళద్దాలు తీసి పెట్టుకుంటున్నాడు. నా గడ్డం పట్టుకుని, బాపమ్మ ఆ రోజు తిప్పినట్టే, ముఖాన్ని కిటికీ వెలుతురు వైపు తిప్పాడు. నాలుక బయట పెట్టాను. వంగి చూశాడు. ఎడమ అంచు చూశాడు, కుడి అంచు చూశాడు. చాలాసేపు చూశాడు.

"ఉన్నదా బాపు?"

ఆయన కళ్ళద్దాలు తీసి పంచె చెంగుతో తుడుచుకున్నాడు. అద్దాలతో పాటు ఇంకేదో కూడా తుడుచుకున్నాడు.

"ఉన్నది" అన్నాడు. "అట్లనే ఉన్నది. ఇంకింత పెద్దగైంది."

తర్వాత నా నెత్తి మీద చెయ్యి పెట్టి, కాసేపు అలాగే ఉంచి, వంటింటి వైపు తిరిగి అరిచాడు. "ఏమే, మొన్న పప్పుల ఉప్పెందుకు అట్ల కుమ్మరిచ్చినవ్? మనిషి తినేదేనా అది?"

లోపల గిన్నె చప్పుడు ఆగింది. అమ్మ గుమ్మంలోకి వచ్చింది. మా ఇద్దరినీ చూసింది. కొంగుతో ముఖం తుడుచుకుని, నన్ను వేలితో చూపించింది.

"నీ బిడ్డే. నేను వంట జేసేటప్పుడే ఫోన్ చేసి మాట్లాడిచ్చింది. చెయ్యి జారింది."

ఆ రోజు నేను ఫోన్ చేయలేదు.

"అవునమ్మా, నా తప్పే" అన్నాను.

పిట్టగోడ అవతల మిషన్ మళ్ళీ నడిచింది. అమ్మ కంచాలు తెచ్చి చారల మధ్య బండల మీద పెట్టింది. బాపు చొక్కా తొడుక్కుని, కాళ్ళు చేతులు కడుక్కుని వచ్చాడు. అందరం అన్నానికి కూర్చున్నాం.